బిందెమ్మ చెంప మీద ముద్ర

మార్చి నాలుగో తేదీ ఉదయం పదకొండు గంటలలోపు రాష్ట్ర జల పొదుపు ప్రచార మండలికి ఏడు జిల్లాల నుంచి ఒకే ఫిర్యాదు వచ్చింది. బిందెమ్మ కనిపించడం లేదు.

చిత్రమేమిటంటే, ఆ వారమే మండలి వారు బిందెమ్మ బొమ్మతో నలభై రకాల పోస్టర్లు ఊరూరా అంటించారు. బస్టాండ్లలో, బడి గోడల మీద, రేషను దుకాణాల తలుపుల మీద ఎక్కడ చూసినా బిందెమ్మే. కాకపోతే నలభై పోస్టర్లలోనూ నలభైమంది వేరువేరు ఆడవాళ్లున్నారు. నరసరావుపేట బిందెమ్మకు పాతికేళ్లు, పెళ్లిపీటల మీంచి లేచి వచ్చినట్టుంది. ఒంగోలు బిందెమ్మకు డెబ్బై దాటాయి, నోట్లో పన్ను లేదు. బందరు బిందెమ్మకు మూడు చేతులు. రెండింటితో బిందె పట్టుకుని, మూడో దానితో కుళాయి కట్టేస్తోంది. తెనాలి బిందెమ్మకు నూనూగు మీసాలు వస్తున్నాయి. నంద్యాల పోస్టరులో బిందె మాత్రమే ఉంది, అమ్మ లేదు.

వరండాలో వరసగా పరిచిన ఆ నలభై పోస్టర్లనూ గొల్లపల్లి సువార్త ఒకదాని తర్వాత ఒకటి చూసుకుంటూ వెళ్లింది. ఒక్కరినీ గుర్తుపట్టలేదు. బిందెమ్మను పుట్టించింది ఆమే.

పందొమ్మిదేళ్ల క్రితం కాంట్రాక్టు చిత్రకారిణిగా చేరిన మొదటి వారంలో సువార్త పదకొండు గీతల్లో ఆ బొమ్మ గీసింది. గుండ్రటి ముఖం, గడ్డం మీద కుడివైపు పుట్టుమచ్చ, ఎడమ చంకన బిందె, నెమలికంఠం రంగు చీర. కుడి కనుబొమ్మ మాత్రం కొంచెం పైకి లేచి ఉంటుంది, ‘కుళాయి కట్టేశావా లేదా’ అని అడుగుతున్నట్టు. అప్పటినుంచి గోడల మీద, బ్యానర్ల మీద, నోటు పుస్తకాల అట్టల మీద ఎన్ని వేలసార్లు గీసిందో లెక్కలేదు. ఆ కనుబొమ్మ ఒక్కసారి కూడా కిందికి దిగలేదు.

జనవరిలో మండలి డైరెక్టర్ వెలమాటి శరభేశ్వరరావు బాపట్ల దగ్గర సముద్రపు ఒడ్డున రెండు రోజుల శిక్షణకు వెళ్లొచ్చాడు. వెళ్లేటప్పుడు ఆయనకు కంప్యూటరు తెరవడం రాదు. వచ్చేటప్పటికి రాష్ట్రంలో కృత్రిమ మేధ గురించి ఆయనకు తెలియనిది లేదు. మర్నాడే ఉత్తర్వు వెలువడింది. ‘ఇకపై మండలి యందు చిత్రలేఖనము నూటికి నూరు శాతము కృత్రిమ మేధ ద్వారానే జరుగవలెను. మానవ హస్త ప్రమేయము క్రమశిక్షణా ఉల్లంఘనగా పరిగణింపబడును.’ సువార్త కుంచెలను లెక్కపెట్టి, రసీదు ఇచ్చి, రికార్డు గదిలో పెట్టి తాళం వేశారు. ప్రద్యుమ్న అనే కన్సల్టెంటును తెచ్చి ఆమె కుర్చీలో కూర్చోబెట్టారు. అతను ఏం కావాలో కంప్యూటరులో రాస్తే యంత్రం బొమ్మ వేస్తుంది. సువార్త పక్కన స్టూలు మీద కూర్చుని ‘చూడడమైనది’ అని సంతకం పెట్టాలి.

పెట్టింది. ఆమెకు వేరే దారి లేదు. పదిహేనేళ్లు దాటిన కాంట్రాక్టు ఉద్యోగులను ఆ సంవత్సరం పర్మనెంటు చేస్తామని ప్రభుత్వం ప్రకటించింది. షరతు ఒక్కటే. ‘ఈ ఉద్యోగి సేవలు సంస్థకు అవసరం’ అని శాఖాధిపతి ఒక వాక్యం రాసి సంతకం పెట్టి, మార్చి ముప్ఫై ఒకటిలోపు సచివాలయానికి పంపాలి. ఆ వాక్యం వెళ్లకపోతే ఉన్న కాంట్రాక్టు కూడా ఆ రోజుతో సరి. నలభై ఆరేళ్ల వయసులో, గోడ మీద బొమ్మలు గీయడం తప్ప మరొకటి తెలియని మనిషి ఏప్రిల్ ఒకటో తేదీన ఎవరి గుమ్మం తట్టాలి? సువార్త ఆ ప్రశ్న రోజూ వేసుకునేది. జవాబు వచ్చేలోపే ఇంకో పని చూసుకునేది.

శరభేశ్వరరావు మాత్రం ఆ ఒక్క వాక్యం దగ్గర ఆగిపోయాడు. యంత్రం గీస్తుంటే చిత్రకారిణి అవసరమని ఎలా రాయను అన్నాడు. ఇప్పుడు ఈ ఫిర్యాదులు వచ్చాక కొంచెం మెత్తబడి, ఈ బిందెమ్మ గోల తేలిన రోజున సంతకం పెడతానన్నాడు.

ఆ మాటతో సువార్తకు ఇరవై ఏడు రోజులు చేతికొచ్చాయి.

* * *

అదే మధ్యాహ్నం అత్యవసర సమావేశం జరిగింది.

సూపరింటెండెంట్ మేడా ఆదిశేషయ్య అంతకుముందు పన్నెండేళ్లు పెన్షన్ల విభాగంలో పనిచేశాడు. చచ్చిపోయినవాళ్ల పేరుమీద పెన్షను తీసుకుంటున్న ముగ్గురిని పట్టుకున్న ఘనత ఆయనది. అప్పటినుంచి బతికున్నవాళ్లమీద కూడా ఆయనకు నమ్మకం పోయింది. పోస్టర్లన్నీ తిరగేసి, కళ్లజోడు తీసి బల్ల మీద పెట్టాడు.

“ఒక మనిషి పేరుతో నలభైమంది తిరుగుతున్నారు సార్. ఇది బొమ్మల సమస్య కాదు. మారువేషం కేసు.”

శరభేశ్వరరావు ఈ విషయమును మండలి అత్యంత తీవ్రముగా పరిగణించుచున్నదని ప్రకటించాడు. ఆయన మాట్లాడినా ఉత్తర్వు చదివినట్టే ఉండేది. ప్రద్యుమ్నను వివరణ అడిగారు. యంత్రానికి జ్ఞాపకం ఉండదనీ, బొమ్మ అడిగిన ప్రతిసారీ మొదటినుంచి ఊహించుకుంటుందనీ, నిన్న వేసిన ముఖం ఇవాళ దానికి తెలియదనీ అతను చెప్పాడు. ‘అది మోడల్ బిహేవియర్ సార్’ అని ముగించాడు. ఆ మాట మినిట్స్‌లో ఎక్కింది.

సువార్త స్టూలు మీంచి లేచింది.

“ఒక కాగితం ఇప్పించండి సార్. పది నిమిషాల్లో ఇక్కడే గీసేస్తాను. నలభై కావాలంటే సాయంత్రానికి నలభై ఇస్తాను.”

“అమ్మా, గీయడం సమస్య కాదు,” అన్నాడు శరభేశ్వరరావు. “గీయకుండా రావాలి. అదీ విధానం.”

ఆమె మళ్లీ కూర్చుంది.

ముందు జరిగిపోయిన నష్టాన్ని సరిచేయాలని తీర్మానించారు. అంటించిన పోస్టర్లు వెనక్కి తీయడం అంటే తప్పు ఒప్పుకున్నట్టవుతుంది కాబట్టి, ఆ నలభైమందీ ఒకరేనని తహసీల్దారు దగ్గర ధృవీకరణ తీసుకోవడం మేలని ఆదిశేషయ్య సూచించాడు. సర్టిఫికెట్లలో పేర్లు తేడా వచ్చినప్పుడు ఆ ఇద్దరూ ఒకరే అని కాగితం ఇస్తారు కదా, ఇదీ అంతే. పోస్టర్లు చుట్టగా చుట్టి ఆటోలో వేసుకుని స్వయంగా వెళ్లాడు. తహసీల్దారు మంచివాడు. ముప్ఫై తొమ్మిదిమందికి ఇచ్చాడు. మూడో చెయ్యిని ‘అదనపు ఆధారం’గా నమోదు చేశాడు. నంద్యాల దరఖాస్తు మీద మాత్రం ‘వ్యక్తి హాజరు కానందున తిరస్కరించడమైనది’ అని రాశాడు.

ఇక ముందు రాబోయే బొమ్మల సంగతి. వివరంగా రాసిచ్చే కొద్దీ యంత్రం తప్పు చేయదని ప్రద్యుమ్న చెప్పాడు. వివరంగా రాయడం అనే మాట వినగానే ఆదిశేషయ్య ముఖం వెలిగింది. మర్నాటికల్లా బిందెమ్మ గుర్తింపు వివరాలు పద్నాలుగు పేజీలు తయారుచేశాడు. ‘పై విషయమునకు సంబంధించి తెలియజేయునది ఏమనగా’ అని మొదలైంది. పుట్టుమచ్చల దగ్గర చిన్న ఇబ్బంది వచ్చింది. బిందెమ్మకున్నది ఒక్కటే. పదో తరగతి సర్టిఫికెట్టులోనే రెండు పుట్టుమచ్చలు రాస్తారనీ, ఒక్క మచ్చతో ఏ కాగితమూ చెల్లదనీ చెప్పి ఆదిశేషయ్య ఎడమ మోచేతి మీద రెండోది మంజూరు చేశాడు. పందొమ్మిదేళ్లుగా ఆ మోచేతి మీద ఏమీ లేదని సువార్త అంది. ఇన్నాళ్లూ ఎవరూ అడగలేదు కాబట్టి లేదమ్మా అన్నాడాయన.

యంత్రం పద్నాలుగు పేజీలూ శ్రద్ధగా చదివింది. పుట్టుమచ్చ అనే మాట అందులో ముప్ఫై ఆరుసార్లు ఉంది. బయటికొచ్చిన బిందెమ్మ అమ్మవారు పోసినట్టు ఒంటినిండా మచ్చలతో, పెద్ద బల్ల వెనక, ఫైళ్ల మధ్య కూర్చుని ఉంది. కంటికి కళ్లజోడు. బిందె ఎక్కడా లేదు. ఆ ముఖంలో ఆదిశేషయ్య పోలికలు కనిపించాయి గానీ ఆ మాట ఎవరూ అనలేదు.

* * *

దారి చూపింది ప్రద్యుమ్నే. మాటలు వద్దు, అసలు బొమ్మ ఒకటి ఆధారంగా ఇస్తే యంత్రం దాన్ని చూసి వేస్తుంది, క్యారెక్టర్ లాక్ అయిపోతుంది, ఇక ముఖం మారదు అన్నాడు. సువార్తకు ప్రాణం లేచొచ్చింది. ఇంటికి వెళ్లి, పందొమ్మిదేళ్ల కిందట గీసిన మొదటి బొమ్మను పెట్టె అడుగునుంచి తీసి, చీరమడతలో పెట్టుకుని తెచ్చింది.

ఆదిశేషయ్య దాన్ని ముట్టుకోలేదు. ఈ బొమ్మలోని మనిషి బిందెమ్మేనని ఎవరు ధృవీకరించారు అని అడిగాడు. ధృవీకరణ లేని పత్రాన్ని ప్రభుత్వ యంత్రంలోకి ఎక్కించడం కుదరదన్నాడు. గీసింది నేనే కదా అని సువార్త అంటే, కన్నతల్లి చెప్పినా జనన ధృవీకరణ పత్రం అడుగుతాం కదమ్మా అన్నాడు.

అంచేత బొమ్మను ఫోటోలా కత్తిరించి దరఖాస్తు కాగితం మీద అంటించారు. శరభేశ్వరరావు ఆకుపచ్చ సిరా పెన్ను తీశాడు. గుండ్రటి ముద్రను ఊదారంగు ప్యాడ్ మీద అద్దాడు.

“సార్, ముఖం మీద వద్దు,” అంది సువార్త. “కింద ఖాళీ ఉంది, అక్కడ వేయండి.”

“ముద్ర సగం ఫోటో మీద, సగం కాగితం మీద పడాలి,” అన్నాడు ఆదిశేషయ్య. “లేకపోతే ఫోటో మార్చేస్తారు.”

ముద్ర బిందెమ్మ ఎడమ చెంప మీద అర్ధచంద్రంలా పడింది. శరభేశ్వరరావు సంతకం ముక్కు దగ్గర మొదలై, గడ్డం మీదుగా, పుట్టుమచ్చను చుట్టి, మెడ దాకా దిగింది. ఆ కాగితాన్ని ప్రద్యుమ్న స్కాను చేసి యంత్రానికిచ్చాడు.

పదో తేదీన కొత్త బొమ్మలు వచ్చాయి. సభామందిరంలో వరసగా గోడకు తగిలించారు. ముఖాలు ఎప్పటిలాగే దేనికవే. ఒకామె సన్నం, ఒకామె లావు, ఒకామెకు కోరముక్కు. కానీ ప్రతి చెంప మీదా ఊదారంగు అర్ధచంద్రం ఉంది. ప్రతి గడ్డం మీదా ఆకుపచ్చ సంతకం ఉంది. గీత కూడా తేడా లేదు. మనుషుల ముఖాలు ఎన్నైనా ఉంటాయి, ఇలాంటి ముద్ర ఒక్కటే ఉంటుందని యంత్రం తేల్చుకున్నట్టుంది. ఏదైతే మారకూడదో దాన్ని పట్టుకుంది.

శరభేశ్వరరావు గోడ పొడుగునా నడిచి, చివర నిలబడి, వెనక్కి తిరిగాడు. ఆయన కళ్లు చెమర్చాయి.

“ఇప్పుడు ఎవరు చూసినా బిందెమ్మ అని గుర్తుపడతారు,” అన్నాడు.

ఏకరూపత సాధించడమైనదని అక్కడికక్కడే తీర్మానం రాశారు. ఆ ఉత్సాహంలో సువార్త ఫైలు తెప్పించి, ‘ఈ ఉద్యోగి సేవలు సంస్థకు అవసరం’ అని రాసి, అదే ఆకుపచ్చ పెన్నుతో సంతకం పెట్టాడు. సాయంత్రానికి ఫైలు సచివాలయానికి వెళ్లిపోయింది. సువార్త బస్సులో ఇంటికి వెళ్తూ, అప్పుడే గోడకు అంటిస్తున్న చెంపముద్ర బిందెమ్మను కిటికీలోంచి చూసి ముఖం తిప్పుకుంది. ఆ పూట ఆమెకు బొమ్మ కంటే సంతకం ముఖ్యం.

* * *

ఆరు రోజులు ప్రశాంతంగా గడిచాయి. ఏడో రోజు పొద్దున్నే పల్నాడు నుంచి రెండు ట్రాక్టర్లు వచ్చి మండలి ఆఫీసు ముందు ఆగాయి.

దిగినవాళ్లు గుర్రాలకుంట అనే ఊరివాళ్లు. ముందు నడిచిన ఆవిడ పేరు కోటేలు, డ్వాక్రా సంఘం లీడరు. వాళ్ల బడి గోడ మీద అంటించిన పోస్టరును జాగ్రత్తగా ఊడదీసి, అట్టకు అతికించి తెచ్చింది. యంత్రానికి వెనకాల ఖాళీ ఉంచడం ఇష్టం ఉండదు. ఆ పోస్టరులో బిందెమ్మ వెనక కొత్త ఓవర్‌హెడ్ ట్యాంకు, దాని కింద ధారగా నీళ్లు కారుతున్న పన్నెండు కుళాయిలు ఉన్నాయి. కోటేలు వేలితో ముద్ర చూపించింది, తర్వాత సంతకం చూపించింది, ఆ తర్వాత ట్యాంకు చూపించింది.

“మంజూరు చేసిన కాగితం ఇదిగో. పని ఎప్పుడు మొదలెడతారయ్యా?”

అది మంజూరు కాదు, నీళ్లు పొదుపు చేయమని వేసిన బొమ్మ అని శరభేశ్వరరావు వివరించాడు. కోటేలు ఓపిగ్గా వింది.

“పొదుపు చేద్దామంటే ముందు నీళ్లుండాలి గదా,” అంది. “అయినా బొమ్మయితే గవర్నమెంటు ముద్ర ఎందుకేశారు? పచ్చ సిరా ఎందుకు పెట్టారు? మేం మరీ అంత ఎడ్డోళ్లం కాదులే అయ్యా.”

మధ్యాహ్నానికి ఇంకో నాలుగు ఊళ్లవాళ్లు వచ్చారు. ఒకరి పోస్టరులో చెరువుగట్టు, ఒకరి పోస్టరులో చెక్‌డ్యాము. ప్రకాశం జిల్లా మెట్ట ఊరు ఒకటుంది, అక్కడ బోరు వేస్తే బండరాయి తప్ప ఏమీ రాదు. ఆ ఊరి బొమ్మలో బిందెమ్మ వెనక నది పారుతోంది, నదిలో పడవ, పడవ మీద కొంగ. పడవ లేకపోయినా పరవాలేదు, నది ఇప్పించండి చాలని ఆ ఊరి సర్పంచి పెద్దమనిషి తరహాలో రాజీకి వచ్చాడు. నాలుగు రోజులు తిరిగేసరికి రెండొందల పన్నెండు ఊళ్ల నుంచి పోస్టర్లు వచ్చాయి. ప్రతిదాని మీదా డైరెక్టరు సంతకం స్పష్టంగా ఉంది. ప్రతిదానికీ ఇన్‌వార్డ్ నంబరు వేసి తీసుకోక తప్పలేదు.

శరభేశ్వరరావు తలుపు వేయించుకుని ముగ్గురినీ లోపలికి పిలిచాడు. రుమాలుతో మెడ తుడుచుకున్నాడు. ఆ సంతకాలు తనవి కాదని ప్రకటించేస్తానన్నాడు.

ఆదిశేషయ్య ఒప్పుకోలేదు. కాదంటే ఫోర్జరీ అవుతుంది, ఫోర్జరీ అయితే ఫిర్యాదు ఇవ్వాలి, ఇస్తే ముద్దాయిని చూపించాలి అన్నాడు. అందరూ కిటికీలోంచి యంత్రం వైపు చూశారు. అది అప్పుడే ఇంకో బొమ్మ పూర్తిచేసి, చెంప మీద ముద్ర వేస్తోంది.

అయినా ఒక ప్రయత్నం చేశారు. సంతకాలు ఒకదానికొకటి సరిపోవని తేలితే గట్టెక్కవచ్చని ఇరవై పోస్టర్లు రాత నిపుణుడికి పంపారు. రెండు రోజుల్లో నివేదిక వచ్చింది. ఇరవై పోస్టర్లలోని ఇరవైమంది స్త్రీలకూ ఒకరితో ఒకరికి ఎలాంటి పోలికా లేదనీ, ఇరవై సంతకాలు మాత్రం నిస్సందేహంగా ఒకే చేతివనీ, ఇంత నిలకడ ఉన్న సంతకాన్ని తన ముప్ఫై ఏళ్ల సర్వీసులో చూడలేదనీ ఆయన మెచ్చుకుంటూ రాశాడు.

కొండనాలుకకు మందేస్తే ఉన్న నాలుక ఊడింది. అప్పుడు ఆదిశేషయ్య గొంతు సవరించుకున్నాడు.

“సంతకం కాదనలేం సార్. కానీ మార్చుకోవచ్చు.”

ఇరవై నాలుగో తేదీన ప్రకటన వెలువడింది. ‘మండలి డైరెక్టరు వారు తమ సంతకమును మార్చుకొనియున్నారు. పాత సంతకము గల పత్రములు ఏవైననూ, ఎచ్చటనున్ననూ, యంత్రసృష్టిగా భావించవలెను. అవి చెల్లవు.’ రెండొందల పన్నెండు ట్యాంకులు, చెరువులు, ఒక నది, పడవతో సహా ఒక్క వాక్యంతో ఎండిపోయాయి. శరభేశ్వరరావు ఆ రోజు కడుపునిండా భోంచేశాడు.

ఇరవై ఆరో తేదీన సువార్త ఫైలు సచివాలయం నుంచి తిరిగొచ్చింది. మీద ఎర్ర సిరాతో ఒకే ముక్క. ‘ఈ ఉద్యోగి సేవలు సంస్థకు అవసరమని యంత్రం అభిప్రాయపడినది. యంత్రం అభిప్రాయం చెల్లదు.’

ఆ కాగితం చదివాక సువార్త చాలాసేపు స్టూలు మీదే కూర్చుంది. ఏడవలేదు. ఏడుపు వచ్చే చోట నవ్వు వచ్చింది, ఆ నవ్వు చూసి ప్రద్యుమ్న లేచి మంచినీళ్లు తెచ్చిచ్చాడు. ఇంకా అయిదు రోజులుంది. ఫైలు పట్టుకుని డైరెక్టరు గదిలోకి వెళ్లి, కొత్త సంతకంతో అదే వాక్యం మళ్లీ రాయండి సార్ అని అడిగింది. ఆయనకు అభ్యంతరం లేదు. ఒకే ఒక్క చిక్కుంది. కొత్త సంతకం చెల్లాలంటే ముందు నమూనా కార్డు సచివాలయానికి చేరాలి. కార్డు మీద మూడు గళ్లుంటాయి. మూడింట్లోనూ మూడు సంతకాలు, ఒకేలా పెట్టాలి.

జూన్‌లో రిటైరవబోయే మనిషి, ముప్ఫై నాలుగేళ్లు ఒకే సంతకానికి అలవాటుపడిన చెయ్యి. శరభేశ్వరరావు మొదటి గడిలో కొత్త సంతకం బాగానే పెట్టాడు. రెండో గడిలో అది కొంచెం లావైంది. మూడో గడిలో ఒక కొక్కెం అదనంగా మొలిచింది. కార్డు చించి ఇంకోటి తెప్పించాడు. ఈసారి మొదటిది ముసలిదైంది, రెండోది పాత సంతకంలా వంగింది. ఇరవై తొమ్మిదో తేదీ దాకా నలభై కార్డులు పాడుచేశాడు. ఏ రెండూ ఒకటి కాలేదు. ఇది ఏం బిహేవియర్ అంటారో ప్రద్యుమ్నను అడుగుదామని సువార్త నోటిదాకా వచ్చింది గానీ మింగేసింది.

ముప్ఫయ్యో తేదీ మధ్యాహ్నం ఆయన పెన్ను కింద పడేసి, వేళ్లు నొక్కుకుంటూ, తలుపు వైపు ఒకసారి చూశాడు.

“సువార్తా, నువ్వు ఒకే బొమ్మ పందొమ్మిదేళ్లు గీశావు కదమ్మా. దీన్ని కూడా ఒక బొమ్మ అనుకో.”

“మానవ హస్త ప్రమేయం కూడదన్నారు కద సార్?”

“అది చిత్రలేఖనంలో,” అన్నాడు పక్కనుంచి ఆదిశేషయ్య. “సంతకాల గురించి ఉత్తర్వులో ఏమీ లేదు.”

సువార్త ఆయన కొత్త సంతకాల్లో మొదటిదాన్ని ఒక నిమిషం చూసింది. ఎక్కడ ఒత్తాలో, ఎక్కడ తేలిపోవాలో చూసుకుంది. అది ఏడు గీతలు. కార్డు దగ్గరికి లాక్కుని మూడు గళ్లూ మూడు ఊపిర్లలో నింపింది. శరభేశ్వరరావు మూడింటినీ భూతద్దంతో చూసి, కార్డును కవరులో పెట్టాడు. కార్డు ఆ సాయంత్రమే సచివాలయం చేరింది.

* * *

మార్చి ముప్ఫై ఒకటి, మధ్యాహ్నం మూడు గంటలు. ఇంకో పొరపాటుకు తావివ్వకూడదని సువార్త డైరెక్టరునే వెంటబెట్టుకుని సచివాలయానికి వెళ్లింది. ఆదిశేషయ్య కూడా వచ్చాడు. సెక్షన్ ఆఫీసరు బక్కపలచటి మనిషి. ఆయన ముందు నమూనా కార్డు, దాని పక్కన అడుగు ఎత్తున ఫైళ్లు ఉన్నాయి. అయిదు గంటలకు జాబితా మూసేస్తామన్నాడు.

శరభేశ్వరరావు ఆయన కళ్లముందే ఆ వాక్యం రాసి, కింద సంతకం పెట్టాడు. సెక్షన్ ఆఫీసరు కార్డుతో పోల్చి, తల అడ్డంగా ఊపి, కాగితం వెనక్కి తోశాడు.

“డైరెక్టరు గారి సంతకం ఇలా ఉండదండి.”

“నేనే డైరెక్టరును,” అన్నాడు శరభేశ్వరరావు.

“అయ్యుండొచ్చండి. కాగితం ఆ మాట చెప్పడం లేదు.”

ఇంకోసారి పెట్టాడు. మరీ దూరం పోయింది. మూడోసారి పాత సంతకమే పడింది. గుర్తింపు కార్డు తీసి బల్ల మీద పెట్టాడు. ముఖం సరిపోయిందనీ, ముఖాలు పోల్చడం పక్క సెక్షను పని అనీ చెప్పి సెక్షన్ ఆఫీసరు దాన్ని మర్యాదగా తిరిగిచ్చాడు. గోడ గడియారం నాలుగు దాటింది. ఆదిశేషయ్య జీవితంలో మొదటిసారి ఏ నిబంధనా గుర్తురాక నేల చూపులు చూశాడు.

సువార్త కుర్చీ ముందుకు లాక్కుంది. కొత్త కాగితం తీసుకుంది. ‘ఈ ఉద్యోగి సేవలు సంస్థకు అవసరం’ అని తన గురించి తనే, నిండైన అక్షరాలతో రాసుకుంది. ఆకుపచ్చ పెన్ను కోసం చెయ్యి చాపితే శరభేశ్వరరావు మూత తీసి ఇచ్చాడు. ఏడు గీతలు గీసి, కాగితం బల్ల మీద పెట్టింది. పట్టుబడితే ఉద్యోగంతో పోదని ఆమెకు తెలుసు.

సెక్షన్ ఆఫీసరు ఆమె రాయడం మొత్తం చూశాడు. కార్డు పక్కన కాగితం ఆనించాడు. వెలుతురుకు ఎత్తి పట్టాడు. మళ్లీ బల్ల మీద పెట్టాడు.

“ఇదీ సంతకం అంటే,” అన్నాడు.

ఉండబట్టలేక ఆదిశేషయ్య అడిగేశాడు. “పెట్టింది ఎవరో చూశారు కదండీ?”

“నా పట్టికలో రెండే గళ్లున్నాయి మాస్టారూ. కలిసింది, కలవలేదు. ఎవరు పెట్టారన్న గడి లేదు.” ఆయన కలిసింది అన్న గడిలో టిక్కు పెట్టి, జాబితాలో చివరి నంబరు వేసి, రసీదు సువార్త చేతికిచ్చాడు. నాలుగూ నలభై అయింది.

ముగ్గురూ మెట్లు దిగారు. ఆదిశేషయ్య ఆటో పిలవడానికి గేటు దాకా వెళ్లాడు. సువార్త రసీదును నాలుగుసార్లు చదివి, మడిచి, సంచిలో పెట్టుకుంది. శరభేశ్వరరావు ఆమె పక్కనే నిలబడి తన కుడిచేతి వేళ్లను పరాయివాళ్ల వేళ్లను చూసినట్టు చూసుకుంటున్నాడు. గొంతు తగ్గించాడు.

“అమ్మా, జూన్‌లో నా పెన్షను కాగితాలున్నాయి. అవి కూడా ఆ కార్డుతోనే పోలుస్తారు.”

“చూద్దాం సార్,” అంది సువార్త. “ఫైలు పెట్టండి.”